నిద్రకు పిలిచేవాళ్లు

నేను రెండుసార్లు ఎమ్మెల్యేగా గెలిచాను. మూడోసారి ఓడిపోయాను. ఆ తర్వాత పార్టీ టికెట్ ఇవ్వలేదు. ఇప్పుడు మెదక్‌లో, చౌరస్తా వెనక సందులో ఉన్న మా ఇంట్లో ఒక్కణ్ణే ఉంటున్నాను. గేటు పక్క గోడకు ఉన్న బోర్డు మీద నా పేరు బాగానే కనబడుతుంది గాని, 'మాజీ' అన్న ముక్క ఎండకు వెలిసిపోయింది. దారినపోయే కొత్తవాళ్లు నాకింకా పదవి ఉందనుకొని అప్పుడప్పుడు దరఖాస్తు పట్టుకుని లోపలికి వస్తారు. వాళ్లను కూర్చోబెట్టి, టీ ఇచ్చి, సమస్యంతా విని, చివరికి సంగతి చెప్తాను. టీ తాగేదాకా చెప్పను, చెప్తే లేచిపోతారు.

రాజకీయాల్లో ఎలా పైకొచ్చారని ఎవరైనా అడిగితే, మైకు ముందైతే ప్రజాసేవ అనేవాణ్ణి. మైకు లేనప్పుడు నిజం చెప్పేవాణ్ణి. నేను చావులకు పోయి పైకొచ్చాను. ఇది ఎగతాళి కాదు. నేను మా ఊరి సర్పంచ్‌గా ఉన్న రోజుల్లో శంకరంపేటలో ఒక పెద్దాయన ఉండేవాడు. తాను ఎన్నడూ పోటీ చేయలేదు, చేసినవాళ్లను గెలిపించేవాడు. ఆయన నాకు చెప్పిన పాఠం ఒక్కటే.

"పెండ్లికి పోకున్నా ఏమనుకోరు తమ్మీ, ఆడ మస్తుమంది ఉంటరు. సావుకాడ ఎవలు రాలేదో గదే యాదికుంటది."

ఆ మాట పట్టుకుని నేను ఎంపీపీనయ్యాను, ఎమ్మెల్యేనయ్యాను. నియోజకవర్గంలో ఎవరింట్లో పీనుగు లేచినా నా కారు అక్కడ ఉండాల్సిందే. డిక్కీలో తడిగుడ్డ చుట్టిన బంతిపూల దండలు ఎప్పుడూ ఉండేవి. ఇంటికి కొంచెం దూరంలోనే చెప్పులు విడిచేవాణ్ణి. పోయినాయనకు ఏం రోగమో ముందే ఎవరినో అడిగి తెలుసుకునేవాణ్ణి. కుర్చీ వేస్తే కూర్చునేవాణ్ణి కాదు, నేల మీద, ఆ ఇంటి పెద్ద పక్కన కూర్చుని, ఆయన చేయి పట్టుకుని ఊరుకునేవాణ్ణి. మాట్లాడితే పని చెడుతుంది. లేచేటప్పుడు మాత్రం భుజం మీద చేయి వేసి, ఏ అవసరమున్నా నాకు ఫోన్ చేయుండ్రి అనేవాణ్ణి. ఫోన్ మా పీఏ దగ్గర ఉండేదనుకోండి, అది వేరే సంగతి.

ఇవన్నీ దొంగ ఏడుపులని మీరనుకుంటే నాకు కోపమొస్తుంది. కూర్చున్న ఆ కాసేపూ నాకు నిజంగానే బాధ కలిగేది. కాకపోతే ఆ కాసేపే కలిగేది. పక్క ఊళ్లో ఇంకో శవం ఉండేది.

చావింటి నుంచి వచ్చినవాడు స్నానం చేయకుండా ఇంట్లో కాలు పెట్టకూడదు. కాబట్టి నా భార్య పెరట్లో బావి గట్టు పక్కన బకెట్ నిండా నీళ్లు, మీద ఉతికిన తువ్వాల సిద్ధంగా ఉంచేది. కొన్ని దినాలు మూడు చావులుండేవి, మూడుసార్లు నీళ్లు. విసుగొస్తే ఆమె నోటికి అడ్డు ఉండేది కాదు. ఊర్లన్ని కూడబలుక్కొని ఒక్కపూటనే సావరాదా, నా నీళ్లన్న మిగులుతయి, అనేది. మాకు పిల్లలు లేరు. నియోజకవర్గ ప్రజలంతా నా బిడ్డలే అని నేను మీటింగుల్లో చెప్పేవాణ్ణి. ఆమె ఇంట్లో కూర్చుని టీవీలో అది విని, మరి అందులో ఒక్కడన్నా వచ్చి నా తోటి పొయ్యికాడ కూసుంటడా అని నవ్వేది. నేనూ నవ్వేవాణ్ణి. ఆ ప్రశ్నకు జవాబు చెప్పాలని నాకు తోచలేదు.

ఒకనాడు నీళ్లు పోసుకుని వచ్చి అన్నం ముందు కూర్చున్నాను. ఆమె పప్పు వడ్డిస్తూ, వడ్డిస్తూనే అన్నది:

"నేను పోయిన్నాడన్న జర ఎక్కువసేపు కూసోండ్రి."

నీకేం, నువ్వు నన్ను పంపించి పోతావు అన్నాను. మాటకు మాట బాగానే చెప్పాననుకున్నాను.

ఈ ఏడు ఎండాకాలం మొదట్లో, పొద్దున టీ పెడుతూ పెడుతూ ఆమె గుండె ఆగిపోయింది. దవాఖానకు తీసుకుపోయేంత వ్యవధి కూడా ఇవ్వలేదు. ఎప్పుడూ మరవకుండా గ్యాసు కట్టేసే అలవాటున్న మనిషి ఆ పూట పొయ్యి ఆర్పకుండానే పోయింది. టీ పొంగి, గిన్నె మాడి, ఆ వాసన ఇల్లంతా పట్టింది.

ఆ రోజు మా సందు నిండా కార్లే. అంతమంది వస్తారని నేననుకోలేదు. ఓడిపోయినవాడి ఇంటికి ఎవరొస్తారు? కాని వచ్చారు, అన్ని పార్టీల వాళ్లూ వచ్చారు. ఆమె తల దగ్గర కూర్చుందామని వంగితే ఎవరో ఒకరు దండ పట్టుకుని వచ్చేవారు. లేచి చేతులు జోడించాలి. మళ్లీ కూర్చోబోతే ఇంకొకరు. ఇంకో కారు, ఇంకో పెద్దమనిషి. ముప్పై ఏండ్ల అలవాటు, ఎవరైనా వస్తే నా కాళ్లు వాటంతట అవే లేస్తాయి. చివరికి ఆమెను ఎత్తేదాకా నేను ఆమె పక్కన స్థిమితంగా కూర్చున్నది లేదు.

మధ్యాహ్నం నన్ను ఓడించిన ఇప్పటి ఎమ్మెల్యే వచ్చాడు. ఒకప్పుడు నా వెనకే తిరిగినవాడు, నా డిక్కీలో దండలు సర్దినవాడు. చెప్పులు దూరంగా విడిచాడు. కుర్చీ వేస్తే వద్దన్నాడు. నేల మీద నా పక్కన కూర్చుని, నా చేయి తన చేతుల్లోకి తీసుకుని, ఏమీ మాట్లాడలేదు. నేను వాడి చేతుల వంక చూస్తూ కూర్చున్నాను. ఎంత బాగా చేశాడంటే, అంత దుఃఖంలోనూ మనసులో మెచ్చుకున్నాను. లేచేటప్పుడు నా భుజం మీద చేయి వేసి, ఏ అవసరమున్నా నాకు ఫోన్ చెయ్యన్నా అన్నాడు. కొట్టినా అంత నొప్పి పుట్టేది కాదు. ఆ మాట వినేవాడికి ఎట్లా ఉంటుందో నాకు అంతవరకు తెలియదు.

శ్మశానం నుంచి తిరిగి వచ్చి అలవాటుగా పెరట్లోకి నడిచాను. బకెట్‌లో నీళ్లు లేవు. అప్పుడు నాకు ఆమె లేదన్న సంగతి పూర్తిగా అర్థమైంది.

ఇప్పుడు మా దిక్కు ఒక పద్ధతి ఉంది, అది చెప్పాలి. దినకర్మ అయిపోయాక దుఃఖంలో ఉన్నవాళ్లను దగ్గరివాళ్లెవరో వచ్చి తమ ఇంటికో, ఏదైనా గుడికో తీసుకుపోయి ఒక రాత్రి పడుకోబెట్టి తెస్తారు. దాన్ని నిద్ర చేయడం అంటాం. తనంతట తాను పోకూడదు, ఒకరు వచ్చి తీసుకుపోవాలి. ఆ నిద్ర చేసేదాకా ఇంకొకరి గడప తొక్కకూడదు, పెండ్లయినా చావయినా సరే. మైల ఆ నిద్రతోనే పోతుందంటారు. నాకేమనిపిస్తుందంటే, మైల సంగతేమో గాని, నాలుగు గోడల మధ్య తల బాదుకుంటున్నవాణ్ణి చేయి పట్టి బయటికి లాగడానికే పెద్దలు ఇది పెట్టి ఉంటారు.

పదకొండో రోజు భోజనాలయ్యాయి. మా అక్క శంకరంపేట దగ్గరి ఊరి నుంచి వచ్చింది, వంట పాత్రలు కడిగించి పోయింది. నా భార్య తమ్ముడు రేగోడ్ నుంచి వచ్చాడు, పని ఉన్నంతసేపు మాట్లాడకుండా పని చేసి పోయాడు. ఇక ఎవరో ఒకరు వస్తారు, నడువు పోదాం అంటారు అని నేను ఒక సంచిలో ధోతి, తువ్వాల, బీపీ గోలీలు పెట్టుకుని సిద్ధంగా ఉన్నాను. సంచి ముందుగదిలో కుర్చీ మీద ఉంచాను, పిలిచినవాళ్లను ఆపడం ఎందుకని.

ఆ వారం ఎవరూ రాలేదు. తర్వాతి వారమూ రాలేదు. మొదట్లో ఇద్దరు ముగ్గురు కార్యకర్తలు పొద్దున వచ్చి పేపరు చదివి పోయేవారు, వాళ్లూ తగ్గారు. టీ నేనే పెట్టుకునేవాణ్ణి. రోజూ రెండు కప్పుల నీళ్లు పోసి, ఒకటి పారబోసేవాణ్ణి. మా అక్క ఫోన్ చేసి, ఎట్లున్నవ్ తమ్మీ, నీ ఎంబడి మనుషులున్నరా అని అడిగింది. మస్తుమంది ఉన్నరక్కా అన్నాను. అబద్ధమే. ఓడిన రాత్రి కూడా విలేకరులతో కార్యకర్తల్లో ఉత్సాహం తగ్గలేదని చెప్పిన నోరు ఇది. అక్క సంతోషపడి ఫోన్ పెట్టేసింది.

ఊరంతా చుట్టాలే, ఉట్టి కట్ట తావు లేదని మా అమ్మ అనేది. ఆ సామెత నా గురించే పుట్టిందని నాకు అప్పుడు తెలియలేదు.

అంతలో మా ఎదురింట్లో ముసలాయన పోయాడు. ఏడుపు వినబడగానే నేను లేచి చెప్పులేసుకున్నాను. గేటు దాకా పోయి, గొళ్లెం మీద చేయి వేసి, అక్కడే ఆగిపోయాను. నేను నిద్ర చేయలేదు. నిద్ర చేయనివాడు ఆ ఇంటి గడప తొక్కితే వాళ్లకు మంచిది కాదు. మూడు గజాల రోడ్డు. జీవితమంతా ఎవరెవరి ఇండ్లకో పోయినవాణ్ణి, ఆ రోడ్డు దాటలేకపోయాను. గేటు లోపల నిలబడి అన్నీ చూశాను. ఎమ్మెల్యే కారు వచ్చింది. చెప్పులు దూరంగా విడిచాడు. పోయేటప్పుడు కారులోంచి నా వైపు చూసి చేయెత్తాడు. నేనూ ఎత్తాను.

నాలుగు రోజులకు ఎదురింటి పెద్దకొడుకు, భుజాన తెల్ల తువ్వాలతో, రోడ్డు మీద నిలబడి నన్ను పిలిచాడు. మంచి పిల్లగాడు, బడిపంతులు. గొంతు పెద్దది చేయలేదు, కాని కండ్లల్లో నీళ్లు కనబడ్డాయి.

"ఏడుపాయల పోయి నిద్ర చేసొచ్చిండ్రు గద సార్. మరి మా నాయన సావుకు రాకపోతిరి."

నేను ఏడుపాయల ఎప్పుడు పోయాను? అతను ఫోన్ తీసి గేటు చువ్వల సందులోంచి చూపించాడు. దినకర్మ అయిన మర్నాడు మా కార్యకర్త ఒకడు నా పాత ఫోటో స్టేటస్‌లో పెట్టాడు. ఏడుపాయల జాతరలో, అమ్మవారి గుడి ముందు, నా చుట్టూ తలలే తలలు. కింద, అమ్మవారి సన్నిధిలో మా అన్నకు ధైర్యం కలగాలి అని రాశాడు. మంచి కోరే పెట్టాడు. అది గ్రూపుల్లో తిరిగింది. నేనూ చూశాను. దానికింద దండం బొమ్మ కూడా పెట్టాను! పార్టీవాళ్లు నన్ను తీసుకుపోయి నిద్ర చేయించారని మా అక్క అనుకుంది. బామ్మర్ది అనుకున్నాడు. పార్టీవాళ్లేమో, ఆ ఫోటో పెట్టినవాడే తీసుకుపోయి ఉంటాడని అనుకున్నారు. పదిమంది ఉన్నచోట పాము చావదంటే ఇదే మరి. అందరూ ఉన్నారని ఎవరికి వారు ఊరుకున్నారు.

ఎదురింటాయన కొడుకుకు నిజం చెప్పి ఉండవచ్చు. నన్నెవరూ తీసుకుపోలేదు నాయనా అంటే సరిపోయేది. నాకు నోరు రాలేదు. ఒంట్లో బాగలేదు అని గొణిగాను. అతను తల ఊపి వెళ్లిపోయాడు, నమ్మలేదు. చావుకాడ ఎవరు రాలేదో అదే యాదికుంటుంది. ఆ ఇంట్లో ఇక ఎన్నేండ్లయినా నేను రానివాణ్ణి. నేను కూడబెట్టిన రాజకీయమంతా ఆ మూడు గజాల రోడ్డు మీద పోయిందనిపించింది. అంతకంటే ముందు, భయమేసింది. నేను చెప్పకపోతే ఇక ఎవరూ రారు. ఈ ఇంట్లోనే, ఈ మాడిన గిన్నెతోనే, నాకు ఎవరో తోడున్నారని అందరూ అనుకుంటూ ఉండగానే, నేను ఇట్లాగే పోతాను.

ఫోన్ తీసుకుని మొదట అక్క నంబరు చూశాను. తర్వాత బామ్మర్దిది నొక్కాను. ఎందుకంటే నా భార్య పుట్టింటివాడు అతనొక్కడే. నిజం చెప్పాలంటే మా ఇద్దరికీ ఏ గొడవా లేదు, మాటలూ లేవు. రేగోడ్ నా నియోజకవర్గంలోకి రాదు. నాకక్కడ ఓట్లు లేవు, కాబట్టి పోవడానికి తీరిక దొరికేది కాదు. నా భార్య ఏటా ఒకటి రెండుసార్లు ఒక్కతే బస్సెక్కి పోయి వచ్చేది. కారు పంపుతానంటే, ఎవరి చావుకన్న పనికొస్తది ఉంచుకోండ్రి అనేది.

బామ్మర్ది ఫోన్ ఎత్తాడు. నేను దుక్కులయినయా అని అడిగాను. అయినయన్నాడు. వాన జాడ ఉందా అన్నాను. లేదన్నాడు. పత్తి పెడతవా, మక్క పెడతవా అన్నాను. అతను జవాబు చెప్పి, ఇక ఏమీ అడగకుండా ఆగాడు. వేల గడపల ముందు చేతులు జోడించి ఓటు అడిగిన మనిషిని. అడగడం నాకు చేతకాని పని కాదు. కాని నాకోసం, ఒట్టి నాకోసం, నేను ఎన్నడూ ఎవరినీ ఏమీ అడగలేదని అప్పుడు తెలిసింది.

"నన్ను నిద్రకు ఎవలు తీస్కపోలే. నువ్వు తీస్కపోతవా?" అన్నాను.

తయారుగుండు బావా అన్నాడు.

మూడు గంటల ఎండలో మోటార్ సైకిల్ మీద వచ్చాడు. నా కారులో పోదామంటే ఒప్పుకోలేదు. తీస్కపోయేటోడి బండి మీదనే పోవాలె అన్నాడు. సంచి ఒళ్లో పెట్టుకుని వెనక కూర్చున్నాను. చౌరస్తా మీదుగా పోయాం. ఎన్నిసార్లు జీపు మీద దండలతో తిరిగిన చౌరస్తా అది! ఒక్కరూ తలెత్తి చూడలేదు. బండి వెనక కూర్చున్న ముసలివాణ్ణి ఎవరు చూస్తారు? ఏడుపాయల మలుపు దగ్గర బామ్మర్ది బండి ఆపి, అమ్మోరికాడికి పోదమా ఇంటికి పోదమా అని అడిగాడు. ఇంటికే అన్నాను.

రేగోడ్ చేరేసరికి పొద్దు వాలింది. బామ్మర్ది భార్య కాళ్లకు నీళ్లిచ్చింది. పక్కింటి ముసలామె గోడ మీది నుంచి తొంగి చూసి, ఎవలు గాయన అని అడిగింది. మా ఆడిబిడ్డ పెనిమిటి అని చెప్పింది ఆమె. ఏం పని చేస్తడు అని ముసలామె మళ్లీ అడిగింది. రాజకీయం అంటే, అట్లనా అని తన పని చూసుకుంది. నాకు మొదట కొంచెం గుచ్చుకుంది. తర్వాత హాయిగా ఉంది. ఆ ఊళ్లో నేను మాజీ ఏమీ కాను, ఈ ఇంటి ఆడబిడ్డ మొగుణ్ణి.

జొన్నరొట్టె, పచ్చిపులుసు పెట్టారు. పచ్చిపులుసులో ఉల్లిగడ్డ సన్నగా కాకుండా పెద్ద పెద్ద ముక్కలుగా ఉంది. మా ఇంట్లోనూ అట్లాగే ఉండేది. నేను కసురుకునేవాణ్ణి. ఆ అలవాటు ఎక్కడిదో ఇన్నేండ్లకు తెలిసింది.

అన్నం తిన్నాక బామ్మర్ది వాకిట్లో మంచాలు వేశాడు. గోడ పక్కన ఒకటి వేసి, దాని పక్కన ఇంకొకటి వేసి, రెండింటి మీదా బొంత పరిచి, దిండ్లు పెట్టి, కాళ్ల దిక్కు మడతపెట్టిన దుప్పట్లు పెట్టాడు. అతని భార్య గడపలో నిలబడి చూస్తూ, రెండెందుకయ్యా అని మెల్లగా అన్నది. అతను ఉలిక్కిపడ్డట్టు ఆగిపోయాడు. తన మంచం తను లోపల వేసుకుంటాడు. నేను ఒక్కణ్ణి.

రెండోది ఎవరికి అని అడిగాను.

"నీకే బావా," అన్నాడు, నా మొఖం చూడకుండా. "అక్క ఎప్పుడొచ్చినా రెండు ఏపిచ్చేది. మీటింగు అయినంక పొద్దుపోయి వస్తడేమో, మంచం లేకుంటె ఎట్ల అనేది. తెల్లారి మల్ల నేనే ఎత్తిపెడుతుంటి. చేతికి గదే అలవాటైంది."

ప్రతిసారీనా అన్నాను.

ప్రతిసారీ అన్నాడు. కిందటి సంక్రాంతి తర్వాత వచ్చినప్పుడు కూడా, నేను ఓడిపోయి ఏ మీటింగులూ లేని రోజుల్లో కూడా, మంచం వేయించిందట. వస్తనన్నడా అక్కా అని అడిగితే, అనలేదు, అయినా ఏసి ఉంచు అన్నదట.

అతను వంగి ఆ మంచం ఎత్తబోయాడు. నేను ఉండనియ్ అన్నాను. నాకోసమని ఎప్పుడూ వేసేది ఏదని అడిగితే గోడ పక్కది చూపించాడు. రెండోది ఆమెది. అతను లోపలికి పోయాడు.

నేను నా మంచం మీద పడుకోలేదు. ఆమె మంచం పక్కన, చావిండ్లలో కూర్చున్నట్టే, నేల మీద కూర్చున్నాను. బొంత అంచు పట్టుకున్నాను. అప్పుడు ఏడుపొచ్చింది, ఆమె పోయిన తర్వాత మొదటిసారి. దాన్ని ఆపే పని పెట్టుకోలేదు. వాకిట్లోకి ఏ కారూ రాలేదు. లేచి చేతులు జోడించవలసినవాళ్లు ఎవరూ రాలేదు. చాలాసేపు కూర్చున్నాను.